కాన్పు వేళ నెత్తురు గడ్డ కట్టకపోతే?



వరి కోసేటప్పుడు కొడవలి తగిలి వేలు తెగుతుంది. శుభ్రమైన గుడ్డతో కాసేపు అదిమి పట్టుకుంటే నెత్తురు ఆగిపోతుంది. ఎందుకు ఆగింది? గడ్డ కట్టే సరుకు మన నెత్తురులోనే ఉంది గనుక. ప్లేట్‌లెట్లు అనే సూక్ష్మ కణాలు, కాలేయంలో తయారయ్యే కొన్ని మాంసకృత్తులు కలిసి తెగినచోట అడ్డుకట్ట వేస్తాయి. కాన్పు వేళ ఆ సరుకు అయిపోతే తల్లి ప్రాణానికే ముప్పు. ఆ సంగతే మీతో నాలుగు మాటలు చెబుతాను.

చెరువు కట్టకు గండి పడితే ఊరంతా కలిసి ఇసుక బస్తాలు వేసి పూడుస్తాం గదా! ఎవరో కంగారుపడి, గండి లేని పంట కాలవల్లో కూడా బస్తాలన్నీ పడేశారనుకోండి. కాలవలు పూడిపోయి పొలానికి నీరందదు. అసలు గండి దగ్గర వేయడానికి బస్తా ఒక్కటీ మిగలదు. ఒంట్లో ఇలా జరగడాన్నే డాక్టర్లు డి.ఐ.సి. అంటారు. సన్నని రక్తనాళాల్లో అక్కరలేని చోట చిన్న చిన్న గడ్డలు కడతాయి. మూత్రపిండాలకు, ఊపిరితిత్తులకు నెత్తురు సరిగా అందదు. సరుకంతా అక్కడే ఖర్చయిపోతుంది కాబట్టి, ఆగవలసిన చోట నెత్తురు ఆగదు.

ఇది అరుదుగా వచ్చేదే. దానంతట అది రాదు. వేరొక ఆపద ముదిరితే దాని వెంట వస్తుంది. గర్భిణీ, బాలింత స్త్రీలలో ముఖ్యంగా ఆ ఆపదలు ఇవి:

1. బిడ్డ పుట్టకముందే మాయ విడిపోవడం. పొట్ట రాయిలా గట్టిపడి నొప్పి వస్తుంది. నెత్తురు పైకి కొంచెమే కనిపించినా లోపల చాలా నిలిచి ఉండవచ్చు.

2. రక్తపు పోటు పెరిగి ఫిట్లు రావడం. దీన్నే గుర్రపు వాతం అంటారు. తీవ్రమైన తలనొప్పి, కళ్లు మసకలు, ముఖం చేతుల వాపు దీనికి ముందస్తు గుర్తులు.

3. కాన్పయ్యాక నెత్తురు విపరీతంగా పోవడం.

4. కడుపులో బిడ్డ చనిపోయి వారాల తరబడి లోపలే ఉండిపోవడం.

5. నాటువైద్యుల చేత గర్భం తీయించుకొని, లోపల చీము పట్టి, ఆ విషం నెత్తురుకెక్కడం.

కొందరు పెద్దవాళ్లు బాలింతను చూసి, "చెడు నెత్తురు పోతోంది, పోనివ్వండి, మంచిదే" అంటారు. ఈ మాట నమ్మకండి. కాన్పులో పోయేది మంచి నెత్తురే. అర లీటరు పోయిందంటే అది ప్రమాదమే. రక్తహీనత ఉన్న తల్లి అంతకంటే తక్కువ పోయినా తట్టుకోలేదు. పోయిన నెత్తురు గడ్డ కట్టక పలచగా ఉన్నా, చిగుళ్ల నుంచి, ముక్కు నుంచి, సూది గుచ్చిన చోటు నుంచి నెత్తురు ఊరుతున్నా, ఒంటిమీద కమిలిన మచ్చలు లేచినా, మూత్రం తగ్గినా ఒక్క క్షణం ఆగకండి. పసర్లు, తాయెత్తులతో పొద్దు పుచ్చకండి. 108కి ఫోను చేయండి.

ఆసుపత్రిలో ఏం చేస్తారు? కొంచెం నెత్తురు గాజు గొట్టంలో తీసి చూస్తారు. 7 నిమిషాలకు కూడా గట్టి గడ్డ కట్టకపోతే అనుమానిస్తారు. వెంటనే మూలకారణాన్ని తొలగిస్తారు. అంటే కాన్పు చేయడమో, మాయ తీయడమో, చీముకు మందు ఇవ్వడమో అన్నమాట. దాంతోపాటు నెత్తురు, ప్లాస్మా ఎక్కిస్తారు. త్వరగా తీసుకువస్తే బతికించుకోవచ్చు. జననీ శిశు సురక్షా కార్యక్రమం 2011లో మొదలైంది. దాని కింద సర్కారు ఆసుపత్రిలో కాన్పు, ఆపరేషను, మందులు, అవసరమైన రక్తం, రానుపోను వాహనం ఉచితం.

అయ్యలారా, ఈ మాట మీకు! భార్యకు నెలలు నిండకముందే ఆమె రక్తం గ్రూపు తెలుసుకోండి. రక్తం ఇవ్వగల ఇద్దరిని చూసి పెట్టుకోండి. రక్తమిస్తే మగతనం తగ్గుతుందన్నది వట్టి మాట. ఆరోగ్యవంతుడు మూడు నెలలకొకసారి ఇవ్వవచ్చు. నెలనెలా ఆమెను పరీక్షకు మీరే వెంటబెట్టుకు రండి. రక్తపు పోటు చూపించండి, ఇనుము మాత్రలు మింగించండి.

ఇక ఆపద రాకముందే జాగ్రత్త పడే దారి ఉంది. వెంటవెంటనే కాన్పులైతే తల్లికి రక్తహీనత పెరుగుతుంది. కాన్పుల సంఖ్య పెరిగేకొద్దీ మాయ ముందే విడిపోయే భయమూ పెరుగుతుంది. అందుచేత కాన్పయ్యాక కనీసం రెండేళ్ల వరకు మళ్లీ నెల తప్పకుండా చూసుకోండి. నిరోధ్, కాపర్-టి, మూడు నెలలకొక అంతర ఇంజెక్షను, ఛాయ మాత్రలు ఉన్నాయి. పిల్లలు చాలనుకుంటే మగవారికి చిన్న ఆపరేషను ఉంది. మీకు ఏది తగునో ఎ.ఎన్.ఎం.నో, డాక్టరునో అడిగి ఇద్దరూ కలిసి నిర్ణయించుకోండి.

అక్కరలేని గర్భం వచ్చినా నాటువైద్యుల గడప తొక్కకండి. 1971 నాటి చట్టం, దాని 2021 సవరణ ప్రకారం చట్టం చెప్పిన కారణాలుంటే 20 వారాల వరకు, కొందరు స్త్రీలకు 24 వారాల వరకు, అనుమతి ఉన్న ఆసుపత్రిలో అర్హత గల డాక్టరు చేత గర్భం తీయించుకోవచ్చు. పద్దెనిమిదేళ్లు నిండిన స్త్రీకి తన సమ్మతి చాలు. పేరు బయటికి రానివ్వరు.

గండి చిన్నగా ఉన్నప్పుడే బస్తా వేయాలని రైతుకు చెప్పనక్కర లేదు. తల్లి విషయంలోనూ అంతే. తొలి గుర్తు కనిపించగానే బయలుదేరండి. తల్లి పదికాలాలపాటు చల్లగా ఉంటేనే పిల్లలకు అండ, ఇంటికి వెలుగు.