జీతం ఒకచోట, నాటకం ఒకచోట

 

నాటకాలాడుకునేవాణ్ణి ఉంగుటూరులో ఈ స్నాతకోత్సవానికి పిలవడం ప్రిన్సిపాల్ గారి సాహసం. వెనక వరసలో కొందరు తండ్రులు నన్ను అనుమానంగానే చూస్తున్నారు, ఈ పిచ్చి మావాడికి అంటిస్తాడేమోనని. అంటించడానికే వచ్చాను. ముందు కూటి సంగతి తేల్చుకుందాం, కూడు వేరేచోట చూసుకుని నాటకాలాడినవాళ్ళను తలుచుకుని.

రాజమండ్రి గరికపాటి రాజారావు గారు డాక్టరు. ప్రజా నాట్యమండలిని నడిపించినవాళ్ళలో ముఖ్యులు. సుంకర, వాసిరెడ్డి రాసిన 'మా భూమి'ని 1940ల చివర్లో ఆ మండలి దళాలు ఊరూరా ఆడాయి. పద్యానికి వన్స్‌మోర్ కొట్టడం అలవాటైన జనం ముందు రైతు రైతులాగే మాట్లాడాడు. ఆ రోజుల్లో ప్రయోగమంటే అదే. ఆ నాటకాన్ని మద్రాసు ప్రభుత్వం నిషేధించింది. 1953లో రాజారావు గారు సొంతంగా 'పుట్టిల్లు' సినిమా తీసి డబ్బు పోగొట్టుకున్నారు. ఆ పోయిన డబ్బే జమునను, మన పాలకొల్లు అల్లు రామలింగయ్యను తెర మీదికి తెచ్చింది. రామలింగయ్య గారికీ చేతిలో హోమియో వైద్యం ఉండేది. జె.వి. సోమయాజులు గారు రెవెన్యూ ఉద్యోగం చేస్తూనే ఏళ్ళ తరబడి 'కన్యాశుల్కం' ఆడారు. ఆయన నటించిన 'శంకరాభరణం' సినిమా 1980లో వచ్చేసరికి ఆయనకు యాభై దాటాయి.

నెల తిరిగేసరికి జీతం వస్తేనే నచ్చని వేషానికి "వద్దండీ" అనగలం. అయితే ఆ ఉద్యోగమే రిహార్సల్‌ని మింగేస్తుంది. ఏలూరులో డ్యూటీ దిగి, పాసింజరు పట్టుకుని వచ్చి, రాత్రి తొమ్మిదికి డైలాగు అందుకోవడం ఏమంత సుఖం కాదు. భార్యాపిల్లలు ఊరుకుంటారని కూడా నేను చెప్పను.

ఇక నటన సంగతి. స్టేజీ మీద గొంతు చివరి బెంచీ ముసలమ్మకు వినపడాలి. కెమెరా ముందు అదే గొంతు పెడితే పోట్లాటలా ఉంటుంది. రెండుచోట్లా మారనిది ఎదుటివాడి మాట వినడం. కొత్తవాళ్ళు వినరు, తమ వంతు ఎప్పుడొస్తుందా అని అవతలివాడి పెదాలు చూస్తుంటారు. 'కేరాఫ్ కంచరపాలెం' (2018)లో చాలామంది ఆ పేటవాళ్ళే, సినిమాకు కొత్తవాళ్ళే. వాళ్ళు ఒకరి మాట ఒకరు ఎలా వింటున్నారో ఈసారి గమనించండి.

మేమిప్పుడు కొల్లేరు చేపల చెరువుల మీద నాటకం కట్టుకుంటున్నాం. చెరువు కాపలావాడి వేషానికి మనిషి దొరకలేదు. డైలాగులు తక్కువ, వినడం ఎక్కువ. రిహార్సల్ శనివారం రాత్రి, కనక ఉద్యోగం వచ్చినవాళ్ళు కూడా సెలవు అడక్కుండా రావచ్చు. పారితోషికం లేదు, టీ ఉంటుంది.