పాత దెబ్బకు పద్దు ఉండవలెను
(సంఘ మాసిక సమావేశములో చేసిన ప్రసంగ పాఠము)



మేము వైద్యులము కాము. మెట్రిక్యులేషను వరకు చదివి, తండ్రిగారి ధాన్యపు కొట్టులో కూర్చున్న వర్తకులము. అయినను నేడు విరిగిన ఎముకలను గూర్చియు, వానికి వైద్యశాలల దస్తరములలో వేయు సంకేతములను గూర్చియు మాటలాడ సాహసించుచున్నాము. కారణము మా కొట్టులోనే జరిగిన యొక సంగతి.

మావద్ద పనిచేయు హమాలీ యొకరు 2014లో బస్తాల మీదినుండి జారిపడగా, ఆయన కుడి చీలమండ రెండు ప్రక్కలను విరిగినది. కట్టు కట్టిరి. కొన్ని నెలలకు నడచిరి. అందరమును మరచితిమి. 2023లో ఆ చీలమండయే వాచి, మెట్లెక్కుట కష్టమయ్యెను. క్రొత్తగా చూచిన వైద్యులు చీటిపై ‘చీలమండ నొప్పి’ అని మాత్రము వ్రాసిరి. సహాయధనమునకై అర్జీ పెట్టగా, ‘ఈ నొప్పి ఆనాటి దెబ్బవలననే వచ్చినదనుటకు ఆధారమేది?’ అని అడిగిరి. ఎక్స్‌రే పటము ఇంటికి వెల్ల వేయించిననాడే పోయినదట. మేము మా పాత చిట్టా తిరగవేసితిమి. తేదీ దొరకినది, ఆటో కిరాయి దొరకినది. పద్దు మాత్రము ‘కాలు దెబ్బ ఖర్చు’ అని యున్నది. ఏ కాలు? కాలిలో ఏ ఎముక? ఆ పద్దు వ్రాసినది మా చేయియే. అర్జీ తిరిగి వచ్చినది. మాకు చేతనైనది ఇచ్చితిమి. కాని దానము వేరు, హక్కు వేరు.

మన సంఘీయుల కుమారుడొకరు చెన్నపట్టణమున అమెరికా వైద్యశాలల దస్తరములకు సంకేతములు వేయు ఉద్యోగములో నున్నారు. దీనినే మెడికల్ కోడింగు అందురు. చెన్నపట్టణము, బెంగుళూరు, హైదరాబాదులలో మన పిల్లలు పలువురు ఈ పనిచేసి జీవించుచున్నారు. ఈ సంగతి చెప్పగా, ఆ చిరంజీవి మాకు విషయమును విశదపరచెను.

వ్యాధులకు అంతర్జాతీయ పట్టిక యొకటి కలదు. 1893లో మరణకారణముల జాబితాగా పుట్టిన ఈ పట్టికను 1948లో ప్రపంచ ఆరోగ్య సంస్థ చేపట్టి, వ్యాధులను, గాయములను కూడ చేర్చినది. పదియవ కూర్పు 1990లో ఆమోదము పొందినది. అమెరికావారు దానిని తమ అవసరములకు విస్తరించుకొని, 2015 అక్టోబరు 1 నుండి వైద్యశాలలలో వాడుచున్నారు. అందులో పాదపు ఎముకలు విరిగిన ఎస్ 92, చీలమండ విరిగిన ఎస్ 82. చీలమండను పాదముతో చేర్చక, మోకాలి క్రింది భాగముతో చేర్చినారు.

సంకేతమునకు చివర ఏడవ స్థానమున నొక అక్షరముండును. మూసియున్న విరుగుడునకు చికిత్స జరుగుచుండగా ఏ. సక్రమముగా మానుచుండగా డి. ఆలస్యముగా మానిన జి. ఎముక అతుకనిచో కె. వంకరగా అతికిన పి. గాయము మానిపోయిన పిదప, దాని ఫలముగా వేరొక బాధ మిగిలిన ఎస్. ఇట్టి మిగులు బాధను సీక్వెలా అందురు. దీనికి కాలపరిమితి లేదు. గాయమైన ఏడాదికి వచ్చినను, ఇరువది ఏండ్లకు వచ్చినను ఎస్ అక్షరమే.

ఇట్టిచోట రెండు సంకేతములు వేయవలెను. నేటి బాధ ముందు, నాటి గాయము తరువాత. మా హమాలీ వంటివారికి, దెబ్బ మూలముగా కుడి చీలమండకు వచ్చిన కీలువాతమునకు ఎం 19.171. రెండు ప్రక్కలను విరిగి, ఎముక తొలగిన కుడి చీలమండకు ఎస్ 82.841, చివర ఎస్. వర్తకులకిది క్రొత్త కాదు. నేటి నిలువను వ్రాసి, అది ఏ పాత బాకీనుండి వచ్చినదో ప్రక్కన చూపుటయే గదా!

అయితే ముఖ్యమైన మాట యొకటి. సంకేతము వేయువాడు రెంటికిని సంబంధమును తాను ఊహింపరాదు. ‘పాత విరుగుడు వలన’ అని వైద్యుడు వ్రాసియుండవలెను. లేనిచో వైద్యుని అడుగవలెను. వైద్యునికి తెలియవలెనన్న రోగి చెప్పవలెను.

ఇది అమెరికా గొడవ, మనకేల యందురేమో. మన దేశపు ఆరోగ్య బీమా క్లెయిము ఫారములలోను, వైద్యశాల నింపవలసిన భాగమున, ఈ పదియవ కూర్పు సంకేతమునకు గడి యున్నది. ప్రపంచ ఆరోగ్య సంస్థవారి ఆ కూర్పులో చీలమండ, పాదముల పాత విరుగుళ్ల శేషబాధలకు టి 93.2 అను సంకేతము కలదు. గాయమైన ఏడాదికి మించి నిలిచిన బాధను కూడ అందు చేర్చిరి. గడి యున్నది, సంకేతమున్నది. లేనిది మన నోటి మాట.

మన చిక్కు ఇక్కడనే యున్నది. తొడ మొదలు వ్రేలివరకు ఏది విరిగినను మనము ‘కాలు విరిగినది’ అందుము. ఇరుగుపొరుగు తమిళులును, కన్నడిగులును ‘కాల్’, ‘కాలు’ అనియే అందురు. తెలుగు తప్ప రాని మన అవ్వ, వైద్యుని ముందు వ్రేలితో చూపి ఊరకుండును. దుబాసీగా వెళ్లిన మనుమడు త్వరపడి రెండు మాటలు చెప్పును. పదేండ్ల క్రిందటి పడుట ఆ రెండు మాటలలో రాదు.

కావున మా విన్నపము. ఎముక విరిగిన ప్రతివారును ఎక్స్‌రే పటమును, విడుదల చీటిని పెట్టెలో దాచుకొనవలెను. నాటు కట్టు కట్టించుకొనువారు సైతము ముందుగా ఎక్స్‌రే తీయించి ఉంచుకొనవలెను. కుడియో ఎడమయో, మడమయో చీలమండయో, ఎట్లు పడిరో, ఏ తేదీయో ఒక కాగితమున వ్రాయవలెను. మరల నొప్పి వచ్చిననాడు ఆ కాగితమును వైద్యునికి చూపి, ‘ఇది దానివలననేనా?’ అని అడుగవలెను. ఔనన్నచో, దయచేసి ఆ మాట వ్రాయుడని కోరవలెను. కాదన్నచో ఒత్తిడి చేయరాదు. అబద్ధపు పద్దు అంగడికిని చేటు, రోగికిని చేటు.

వృద్ధులతో వైద్యశాలకు వెళ్లి ఓపికతో మాట చెప్పగల యువకుల పేర్లు మన సంఘ కార్యాలయములో నొక పుస్తకమున వ్రాసి యుంచవలెనని ప్రతిపాదించుచున్నాము. మొదటి పేరు మా పెద్దబ్బాయిది. ఈ నెలనుండి మా చిట్టాలో ‘కాలు దెబ్బ’ అను పద్దు వ్రాయబడదు. ఏ కాలో, ఏ ఎముకో వ్రాయబడును.