పెరట్లో నక్షత్ర పండు

ఈ రోజు ఒక పెరటి చెట్టు సంగతి చెప్పుకుందాం.

అయిదు అంచులున్న పసుపు పచ్చని పండు సంతలో చూసే ఉంటారు. అడ్డంగా కోస్తే ప్రతి ముక్కా చుక్కలా ఉంటుంది. అందుకే నక్షత్ర పండు అన్నారు. కొన్నిచోట్ల అంబాణపు కాయ అంటారు. పట్నంలో స్టార్ ఫ్రూట్ అంటారు. పుల్ల రకం ఉంది, తీపి రకం ఉంది. పుల్ల కాయలు పప్పులోకి, పచ్చడికి బాగుంటాయి. ఆ రసంతో ఇత్తడి చెంబు తోమితే చింతపండుతో తోమినట్టే తళతళలాడుతుంది.

శ్రీకాకుళం జిల్లా ఉద్దానంలో ఒక ఇల్లాలు ఉందనుకోండి. పెరట్లో కొబ్బరి, పనస ఉన్నాయి. బావి పక్కన కొంచెం జాగా ఉంది. చుట్టాలింటి నుంచి నాలుగు పళ్ళు తెచ్చింది. గింజలు కడిగి, ఎండబెట్టి, పొట్లం కట్టి చూరులో దోపింది. బీర గింజలు, ఆనప గింజలు దాచేది అలాగే కదా! తొలకరి పడ్డాక నాటింది. ఒక్కటీ మొలవలేదు.

"పుచ్చు గింజలే అమ్మా" అంది అత్తగారు.

పుచ్చు కాదు. ఇది దాచుకునే గింజ కాదు. పండులోంచి తీసిన కొద్ది రోజులకే చచ్చిపోతుంది. పండు తిన్ననాడే నాటాలి.

మరుసటి ఏడు ఆమె అలాగే చేసింది. బాగా పండిన పండు కోసింది. గింజ చుట్టూ జిగురు ఉంటుంది, దాన్ని నీళ్ళలో కడిగింది. పల్చటి గింజలు పారేసి, నిండుగా ఉన్నవి ఏరింది. మట్టి, ఇసుక, చివికిన పెంట కలిపి సంచుల్లో నింపింది. నీళ్ళు దిగడానికి సంచి అడుగున చిల్లులు పెట్టింది. అర అంగుళం లోతున గింజ పెట్టి, నీడలో ఉంచి, చేత్తో నీళ్ళు చిలకరించింది. వేసవిలో అయితే వారానికి మొలక వస్తుంది. చలికాలంలో రెండు వారాలు దాటుతుంది.

మొక్క గట్టిపడ్డాక రెండడుగుల గొయ్యి తీసి, పశువుల ఎరువు వేసి నాటుకోవాలి. ఎండ తగలాలి, పెనుగాలి తగలకూడదు. ఉప్పు నీళ్ళు పనికిరావు. రెండు మొక్కలుంటే మేలు. ఈ చెట్లలో పూలు రెండు తీరులు. ఒక తీరు పుప్పొడి రెండో తీరు పూలకి తేనెటీగలు చేరిస్తే కాపు బాగుంటుంది. గింజ మొక్క కాపుకి నాలుగైదేళ్ళు పడుతుంది. తీపి పండు గింజ నాటినా కాయ పుల్లగా రావచ్చు. తొందర ఉన్నవాళ్ళు అంటు మొక్క కొనుక్కోవాలి. అన్నట్టు, ఈ చెట్టు ఆకులు రాత్రి ముడుచుకుంటాయి. పిల్లలకి చూపించండి, సరదా పడతారు.

ఆమె సంచిలో మొక్క అడుగున్నర ఎదిగింది. ఒకనాడు ఆశా కార్యకర్త ఇంటికొచ్చింది. మామగారు డయాలిసిస్‌కి వెళ్తున్నారు. ఉద్దానంలో కిడ్నీ జబ్బు ఎందరిళ్ళలో ఉందో అందరికీ తెలిసిందే. ఆమె మొక్క చూసి ఆగిపోయింది.

"ఈ పండు మీ మామగారు తినకూడదు వదినా. ఒక్కటి కూడా."

ఎందుకంటే ఈ పండులో ఒక విషం ఉంది. 2013లో బ్రెజిల్ శాస్త్రవేత్తలు దాన్ని వేరు చేసి కారంబాక్సిన్ అని పేరు పెట్టారు. మంచి కిడ్నీలు దాన్ని బయటికి పంపేస్తాయి. చెడిన కిడ్నీలు పంపలేవు. అది మెదడుకి ఎక్కుతుంది. కొన్ని గంటల్లోనే ఎక్కిళ్ళు మొదలై ఎంతకీ ఆగవు. వాంతులు, తికమక మాటలు, ఫిట్స్ వస్తాయి. ప్రాణం పోయినవాళ్ళూ ఉన్నారు. దీనికి ఇంటి వైద్యం లేదు. వెంటనే ఆసుపత్రికి తీసుకెళ్ళి, ఈ పండు తిన్నారని డాక్టరుకి చెప్పాలి. అప్పుడు డయాలిసిస్ చేస్తారు.

కిడ్నీలు బాగున్నవాళ్ళు ఒకటీ రెండూ తింటే భయం లేదు. ఖాళీ కడుపుతో గ్లాసులకొద్దీ రసం తాగితే మాత్రం మంచి కిడ్నీలు కూడా దెబ్బతినవచ్చు.

"పెద్దాయనకి పెట్టకుండా చూస్తాంలే" అంది అత్తగారు. కోడలు ఆలోచించింది. పండు చేతికి రాగానే పిల్లలు ముందు పరుగెత్తేది తాత దగ్గరికే. ఎన్నాళ్ళని కాపలా కాస్తుంది?

మొక్కని పీకి పారెయ్యలేదు. సంచితో సహా పుట్టింటికి పంపింది. అక్కడ ఎవరికీ కిడ్నీ జబ్బు లేదు, పరీక్షలు చేయించుకున్నారు. తీసుకెళ్ళే తమ్ముడితో ఎక్కిళ్ళ సంగతి రెండుసార్లు చెప్పింది, ఇరుగుపొరుగుకి పళ్ళు పంచే ముందు అడగమంది. బావి పక్కన కరివేప మొక్క పెట్టింది.