మత్తు దిగిన తర్వాత ఆమె సంగతేమిటి?

(అనంతపురంలో మహిళా కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



నేను డాక్టర్ని కాను, సమాజశాస్త్రం చదువుకున్నదాన్ని. అయినా ఈరోజు ఆపరేషన్ థియేటర్ సంగతులు కొన్ని మీతో మాట్లాడదలచుకున్నాను. కాలేయంలో కొంత భాగాన్ని కోసి తీసే ఆపరేషన్ గురించి, ఆ సమయంలో ఇచ్చే మత్తు గురించి, దానికి ముందూ వెనకా జరగవలసిన సంరక్షణ గురించి. ఇది స్త్రీల హక్కుల పత్రికకు సంబంధించిన విషయమేనా అని ఎవరికైనా అనిపిస్తే, చివరిదాకా వినమని కోరుతున్నాను.

కొంతకాలం క్రితం ఈ జిల్లాలోని ఒక పల్లెలో ఒక రైతుకూలీ స్త్రీతో మాట్లాడాను. భర్త కాలేయం పూర్తిగా చెడిపోయింది. బెంగుళూరులో ఒక ఆసుపత్రిలో ఆమె కాలేయంలో సగానికి పైగా తీసి అతనికి అమర్చారు. అతను కోలుకున్నాడు. ఆమె మాత్రం కడుపు మీది గాటు చూపిస్తూ, "నువ్విస్తావా అని నన్నెవురూ అడగల్యాక్కా. అందురూ నా పక్క సూసినారు, అంతే" అంది.

ఆ మాట నన్ను వదలలేదు.

మన పల్లెల్లో ఆడవాళ్ళకు ఆపరేషన్ అంటే పిల్లల ఆపరేషనే. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం ఆంధ్రప్రదేశ్‌లో పెళ్ళయిన స్త్రీలలో దాదాపు 70 శాతం మంది ఆ ఆపరేషన్ చేయించుకున్నారు. వేసెక్టమీ లెక్క ఒక శాతం కూడా లేదు. ఇంటికోసం కత్తి కిందికి వెళ్ళవలసింది స్త్రీయే అన్న అలవాటు అక్కడే పడింది. అవయవదానం ఆ దారినే నడిచింది. 1995 నుంచి 2021 దాకా దేశంలో జరిగిన 36,640 అవయవ మార్పిడుల్లో 29,695 పురుషులకు జరిగాయి. స్త్రీలకు దక్కినవి 6,945. ఇచ్చేవాళ్ళ లెక్క దీనికి తలకిందులు. 2019 లెక్కలు పరిశీలించిన ఒక అధ్యయనంలో, బతికుండగా అవయవం ఇచ్చినవారిలో 80 శాతం స్త్రీలేనని తేలింది. వారిలో ఎక్కువమంది భార్యలు, తల్లులు.

కాలేయం మళ్ళీ పెరుగుతుంది కదా అంటారు. నిజమే. కుడి భాగం తీస్తే కాలేయంలో దాదాపు అరవై శాతం పోతుంది. మిగిలింది రెండు మూడు నెలల్లో చాలావరకు పెరుగుతుంది. కానీ మిగతా ఆపరేషన్లలో కత్తి కిందికి వెళ్ళేది జబ్బు మనిషి. ఇక్కడ ఏ జబ్బూ లేని మనిషి. కుడి భాగం ఇచ్చినవారిలో వెయ్యిమందికి ఇద్దరి నుంచి ఐదుగురి దాకా చనిపోవచ్చని వైద్యులు చెప్పే లెక్క. చిన్న సంఖ్యే, కానీ ఆమెకు తెలిసి తీరవలసిన సంఖ్య.

ఇక మత్తు డాక్టరు పని. నిద్రపుచ్చి పక్కన కూర్చోవడమే ఆ పని అనుకుంటాం. కాలేయం నెత్తురు నిండిన అవయవం. దాన్ని కోసేటప్పుడు రక్తస్రావం తగ్గడానికి పెద్ద సిరల్లో పీడనాన్ని తక్కువగా ఉంచుతారు. అందుకని సెలైన్ పట్టిపట్టి ఎక్కిస్తారు. మరీ తగ్గితే బీపీ పడిపోతుంది, మూత్రపిండాలు దెబ్బతింటాయి. గంటల తరబడి ఈ తూకం చూడవలసింది మత్తు డాక్టరే. మందుల్లో చాలావాటిని విరిచేది కాలేయమే కనుక, తర్వాత ఇచ్చే నొప్పి మందుల మోతాదూ ఆచితూచి ఇవ్వాలి. రక్తం గడ్డకట్టే గుణం కొన్ని రోజులు మారుతుంది కాబట్టి, నొప్పి కోసం వెన్నులో పెట్టిన సన్నటి గొట్టాన్ని తీయడానికి కూడా పరీక్ష చూసుకోవాలి. పక్కటెముకల కింద పెద్ద గాటు. నొప్పి తగ్గించకపోతే ఆమె గట్టిగా ఊపిరి తీసుకోలేదు, దగ్గలేదు. ఊపిరితిత్తుల్లో కఫం చేరుతుంది. "ఓర్చుకోమ్మా, ఆడదానివి" అన్న మాట మంచి మాటా కాదు, మంచి వైద్యమూ కాదు.

ఇదంతా ఆపరేషన్‌కు ముందే మొదలవుతుంది. అదే సర్వే ప్రకారం మన రాష్ట్రంలో 15-49 ఏళ్ళ స్త్రీలలో 58.8 శాతం మందికి రక్తహీనత ఉంది. వానలు లేక వేరుశనగ ఎండిపోయే ఈ సీమలో, ఇంటిల్లిపాదీ తిన్నాక మిగిలింది తినే స్త్రీ ఏ రక్తంతో ఆ బల్ల ఎక్కుతుంది? గర్భనిరోధక మాత్రలు వాడుతోందా అని కూడా అడగాలి, అవి సిరల్లో గడ్డలు కట్టే ప్రమాదాన్ని పెంచుతాయి. ఈ ప్రశ్నలు అత్తగారి ముందు అడిగేవి కావు. అందుకే ఆపరేషన్‌కు ముందు మత్తు డాక్టరు చేసే పరీక్ష నాకు ముఖ్యంగా కనిపిస్తుంది. ఆమె ఒంటరిగా, తన ఒంటి గురించి తానే మాట్లాడగల అవకాశం అది. అప్పుడే "నీకు ఇష్టమేనా?" అని ఆమె భాషలో అడగవచ్చు. ఇష్టం లేదంటే, కారణం ఇంట్లోవాళ్ళకు చెప్పకుండా "ఆమె ఈ దానానికి పనికిరాదు" అని మాత్రమే చెప్పి కాపాడవచ్చు. చాలా దేశాల్లో ఈ పద్ధతి ఉంది.

చట్టం కూడా ఈ మాట అంటుంది. 1994 అవయవ మార్పిడి చట్టం కింద కేంద్రం 2014లో తెచ్చిన నిబంధనల్లో 22వది, దాత స్త్రీ అయితే మరింత జాగ్రత్త తీసుకోవాలనీ, ఆమె స్వతంత్ర సమ్మతిని అవయవం తీసుకునే వ్యక్తి కాక మరొకరు నిర్ధారించాలనీ చెబుతోంది. సంతకం పెట్టించడమే నిర్ధారణ అనుకుంటే ఆ నిబంధన కాగితం మీదే ఉండిపోతుంది.

ఇంటికొచ్చాక? మూడు నెలల దాకా బరువులు ఎత్తొద్దంటారు. ఇక్కడ బిందె ఎత్తని రోజు ఏ ఆడదానికి ఉంది? నేను కలిసిన ఆమె ఐదో వారానికే కలుపు తీయడానికి పోయింది. అప్పులోళ్ళు ఆగలేదు. భర్తకు నెలనెలా పరీక్షలున్నాయి, ఆమెకు ఒక్కటీ లేదు. దాతను పేషెంటుగా ఎవరూ లెక్కపెట్టలేదు.

1992లో నెల్లూరు జిల్లా దూబగుంట స్త్రీలు సారా మీద లేచారు. 1995 జనవరిలో మద్యనిషేధం వచ్చింది, 1997లో సడలిపోయింది. కాలేయం చెడడానికి హెపటైటిస్ లాంటి కారణాలూ ఉన్నాయి, అందరినీ తాగుబోతులనడం అన్యాయం. అయినా ప్రభుత్వం అమ్మిన మందుతో చెడిన కాలేయానికి భార్య కాలేయం బదులు కావడం ఎంతవరకు న్యాయమో మనం అడగాలి.

దానం చేయొద్దని నేను చెప్పడం లేదు. బిడ్డకో భర్తకో ఇష్టపడి ఇచ్చిన స్త్రీలను గౌరవిస్తాను. మనం అడగవలసినవి కొన్ని ఉన్నాయి: ఒంటరిగా, తెలుగులో సమ్మతి, రక్తహీనత సరిచేశాకే ఆపరేషన్, మూడు నెలల కూలి పరిహారం, దాతకు జిల్లా ఆసుపత్రిలో కనీసం రెండేళ్ళు ఉచిత పరీక్షలు. మరణానంతర దానం పెరగాలి. 2013 నుంచి నడుస్తున్న జీవన్‌దాన్ గురించి పల్లెల్లో మనమే చెప్పాలి. అది పెరిగినకొద్దీ ఇంట్లో అందరి కళ్ళూ ఒక్క మనిషి వైపే తిరగడం తగ్గుతుంది.

మీ ఊళ్ళో అలాంటి స్త్రీ ఉంటే ఈ వారం వెళ్ళి పలకరించండి. ఆయన ఎలా ఉన్నాడని ఊరంతా ఇప్పటికే అడిగి ఉంటుంది. మీరు ఆమె ఎలా ఉందో అడగండి.