అగ్గిపుల్లల వినోదము



మా బెల్లంపల్లిలో అగ్గిపెట్టె యనిన భయము. భూగర్భ గనిలోనికి దిగువాడు బీడీని, అగ్గిపెట్టెను పైననే విడిచి పోవలెను. లోపల మండు వాయు వుండవచ్చును గదా! ఇట్టి ఊరిలో బహుకాలము బడిపిల్లలకు వ్యాకరణము చెప్పిన నేను, నేడు అగ్గిపుల్లలు ఆడిన ఆటను గూర్చి చెప్పవచ్చితిని.

1913లో 'రాజా హరిశ్చంద్ర'ను తీసిన ధుండిరాజ్ గోవింద్ ఫాల్కే, 1915లో 'అగ్‌కాడ్యాంచీ మౌజ్' అను చిన్న చిత్రమును తీసెను. మరాఠీలో అగ్గిపుల్లల వినోదమని దాని యర్థము. ఆయన తండ్రి సంస్కృత పండితుడు. కావున మావంటివారికి ఆయన పరాయివాడు కాడు.

అవి యుద్ధదినములు. ముడి ఫిల్ము సీమనుండి రావలెను, ధనమునకు కటకట. ఈ చిత్రమునకు నటు లక్కరలేదు, వేషము లక్కరలేదు. పుల్లను బల్లపై నుంచి ఒక బొమ్మ తీయవలెను. రవంత జరిపి మరియొకటి తీయవలెను. వానిని వరుసగా, వేగముగా చూపినచో పుల్లయే కదలినట్లు తోచును. ఆ కాలమున సెకనుకు సుమారు 16 బొమ్మలు తెరపై నడచెడివి. నిమిషపు ఆటకు దాదాపు 960 బొమ్మలు! ఎంత ఓర్పు వలెనో తలచి చూడుడు.

ఆ ఓర్పు ఆయనకు ముందే కలదు. 1912లో కుండీలో బఠానీ విత్తి, నెలకు పైగా కెమెరా నెదుట నుంచి, మొలక తీగెయగుటను నిమిషమునకు కొంచెము మించిన చిత్రముగా చూపెను. అది చూచియే ధనికులు అప్పిచ్చిరి.

ఇవన్నియు నాకు ఆలస్యముగా తెలిసినవి. నేను పనిలో నున్నప్పుడు, ఒక గని కార్మికుని కొడుకు తెలుగు వాచకపు అంచులలో, పుటపుటకును, తట్ట మోయు మనిషిని పెన్సిలుతో గీసెను. పుటలను వ్రేలితో జారవిడిచిన ఆ మనిషి నడచును. పుస్తకము పాడుచేసితివని నేను చెవి మెలిపెట్టి, ఆ బొమ్మలన్నిటిని వానిచేతనే రబ్బరుతో తుడిపించితిని. వాడు ఏడ్వలేదు. తుడుచుటకు మునుపు ఒక్కసారి జారవిడిచి చూచుకొనెను.

ఫాల్కే అగ్గిపుల్లల చిత్రము నేడు దొరకదు. ఆ కాలపు ఫిల్ము ఇట్టే మండెడిది; మన మూగచిత్రములలో పెక్కులు నశించినవి.

ఏడాది చివర ఆ బాలుడు, తరువాతి తరగతి వారికిచ్చుటకై తన వాచకమును నా కప్పగించెను. ఎవరును లేనప్పుడు పుటలు జారవిడిచితిని. రబ్బరుకు లొంగని పెన్సిలు గాళ్లు అక్కడక్కడ మిగిలియున్నవి. తట్ట మోయు మనిషి నాలుగడుగులు నడచి మాయమయ్యెను.