గౌతమీ తీరాన రెండు చట్టాల ఊరు
(పాఠశాల ప్లాటినం జూబిలీ సభలో చేసిన ప్రసంగ పాఠం)



యానాం చరిత్రను గురించి నాలుగు మాటలు చెప్పవలసిందిగా నిర్వాహకులు నన్ను ఆదేశించారు. ఇటువంటి సభలలో ఊరి చరిత్ర చెప్పడమంటే సాధారణంగా ఊరిని స్తుతించడమే. ఫ్రెంచివారి నాటి చర్చి, మీసాల వేంకన్న కోవెల, వరద నీటికి ఎదురీదే పులస రుచి, ఇవన్నీ మనందరికీ గర్వకారణాలే, కాదనను. అయితే జ్ఞాపక సంచికలలో అంతగా చోటు దొరకని ఒక విషయాన్ని నేడు మీ ముందుంచదలచాను. ఈ ఊరు గోదావరి వల్ల ఎంతగా బ్రతికిందో, సరిహద్దు వల్ల కూడా అంతగా బ్రతికింది. ఆ బ్రతుకులో మంచి ఎంత, చెడు ఎంత అన్న లెక్క ఇంకా ఎవరూ తేల్చలేదు.

గౌతమీ శాఖ నుండి కోరంగి నది చీలే చోట వెలసిన పట్టణమిది. వైశాల్యం 30 చదరపు కిలోమీటర్లు. నలుదిక్కులా ఆంధ్రదేశమే. 2022లో జిల్లాలు విడిపోయిన తరువాత కాకినాడ, కోనసీమ జిల్లాల నడుమ ఉన్నాము. మన ముఖ్యపట్టణమైన పుదుచ్చేరి మాత్రం సుమారు 870 కిలోమీటర్ల దూరాన ఉన్నది.

ఈ మూలకు ఐరోపావారిని రప్పించినది నేత వస్త్రం. చేరువలోని ఇంజరంలో ఆంగ్లేయులు, కాకినాడ పక్కనే జగన్నాథపురంలో డచ్చివారు, ఇక్కడ ఫ్రెంచివారు నెలకొన్నారు. ఇన్ని దేశాలవారు ఒక్క నదీముఖం చుట్టూ కాచుకొని కూర్చున్నారంటే, ఇక్కడి సాలెల మగ్గాల విలువ ఎంతటిదో ఊహించుకోవచ్చు. ఫ్రెంచివారు 1723లో వచ్చి, వ్యాపారం సాగక 1727లో విడిచిపోయి, 1731లో మళ్ళీ వచ్చారు. 1753లో బుస్సీ ఉత్తర సర్కారులను సంపాదించినప్పుడు గోదావరీ తీరమంతా ఫ్రెంచి వశమవుతుందనే అందరూ భావించి ఉంటారు. 1758 డిసెంబరులో జరిగిన చందుర్తి యుద్ధంతో ఆ ఆశ అడుగంటింది. అటుపిమ్మట 1778లో, 1793లో, 1803లో ఆంగ్లేయులు యానాంను పట్టుకోవడం, సంధి కుదిరినప్పుడల్లా తిరిగి ఇచ్చివేయడం జరుగుతూ వచ్చింది. నెపోలియన్ పతనానంతరం 1817లో చివరిసారిగా ఫ్రెంచివారికి దక్కింది, కోట కట్టరాదన్న షరతుతో. కోట లేదు, సైన్యం లేదు. ఆనాటి నుండి ఈ సరిహద్దును కాపాడినది ఒక కాగితం మాత్రమే!

ఊరిని నది పోషించినట్లే సముద్రం పరీక్షించింది. 1789 డిసెంబరు తుఫానులోనూ, 1839 నవంబరు తుఫానులోనూ కోరంగి రేవు ఉప్పెన పాలయింది. ఆంగ్లంలో నేడు తుఫానుకు వాడే 'సైక్లోన్' అన్న పదాన్ని 19వ శతాబ్దిలో కల్పించిన హెన్రీ పిడింగ్టన్ పరిశీలించిన తుఫానులలో మన కోరంగి తుఫాను ఒకటి. రేవు పూడిపోయి వర్తకం కాకినాడకు తరలినా, ఆ పేరు మాత్రం ఓడలెక్కి పోయింది. బర్మాలోనూ, మారిషస్‌లోనూ తెలుగువారిని 'కోరంగీలు' అని పిలిచేవారు. పిలిచినవారి నోట అది గౌరవ వాచకం కాదని వేరే చెప్పనక్కరలేదు. 1820ల చివరలో బూర్బోన్ దీవికి, అంటే నేటి రీయూనియన్‌కు, చెరకు తోటల పనికి ఒప్పందపు కూలీలుగా పోయిన తొలి భారతీయులలో యానాంలో ఓడ ఎక్కిన తెలుగువారున్నారు. మంత్రిప్రెగడలు, మహాకవులు పుట్టిన గోదావరి మండలమని చెప్పుకొనే మనం ఆ కూలీలను కూడా మన పూర్వీకులలో చేర్చుకోవలసి ఉన్నది.

ఇక సరిహద్దు సంగతి. సరిహద్దున ఉన్న ఊరికి వచ్చే లాభమంతా ఇరువైపుల చట్టాల తేడాలో ఉంటుంది. ఇక్కడ ఆ తేడా కొన్ని విషయాలలో ఆశ్చర్యకరమైనది. 1848లోనూ, మళ్ళీ 1871 నుండీ ఫ్రెంచి ఇండియా ప్రజలు పారిస్ శాసనసభకు తమ ప్రతినిధిని ఎన్నుకొనేవారు. 1880లో యానాంలో పురపాలక సంఘం ఏర్పడింది. నది ఆవలి ఒడ్డున ఓటు అన్న మాట రైతు చెవిన పడకముందే ఈ ఒడ్డున సామాన్యునికి ఓటు ఉండేది. ఆ ఎన్నికలలో జరిగిన అక్రమాలు, ఓటర్ల జాబితాలలోని కుట్రలు ఫ్రెంచి ఇండియా చరిత్రలో సుప్రసిద్ధాలే. అయినను, కాగితం మీదనైనా పల్లెకారి ఓటుకూ వర్తకుని ఓటుకూ ఒకే విలువ కట్టిన నేల ఇది. ఆ మాట గర్వంగానే చెప్పుకోవచ్చు. మంగళవారం సంతకు చుట్టుపట్ల ఊళ్ళవారు విదేశీ సరుకుల కోసం తండోపతండాలుగా వచ్చేవారు. సుంకం తప్పించుకొన్న సరుకు చౌక అని వచ్చారే గాని, మన ఊరిమీది మమకారంతో కాదు.

ఇంతవరకు చెప్పినది వినడానికి ఇంపుగానే ఉన్నది. తరువాతిది అంత ఇంపైనది కాదు.

బ్రిటిషు ఇండియాలో 1929లో శారదా చట్టం వచ్చింది. 1930 ఏప్రిల్ 1 నుండి అమలయింది. పద్నాలుగేండ్లు నిండని బాలికకు, పద్దెనిమిదేండ్లు నిండని బాలునికి పెండ్లి చేయడం నేరమన్నది. ఫ్రెంచి నేల మీద ఆ చట్టం లేదు. ఆనాటి నుండి గోదావరికి ఇరువైపుల నుండి పెండ్లివారు యానాంకు రాసాగారు. పురోహితునికి చేతినిండా పని, సత్రాలకు సందడి, అంగళ్ళకు బేరం! ఊరికి కల్యాణపురమన్న పేరు కూడా వచ్చింది. ఎంత చక్కని పేరు! నేటికీ మనం ఆ పేరును ముచ్చటగా చెప్పుకొంటాము, నవ్వుకొంటాము. ఆ పేరు వెనుక తల్లి ఒడిలో నిద్రపోతూ తాళి కట్టించుకొన్న పిల్లలున్నారు. చట్టం రక్షించబోయిన పిల్లలను ఒక రేవు దాటించి ఆ రక్షణ నుండి తప్పించారు. దాటించినవారు పరాయివారు కారు, కన్నవారే. రేవు దాటాక పందిరి వేసి సాయపడినది మన ఊరు. ఆ పిల్లల పేర్లు ఏ సంచికలోనూ లేవు.

దీనిని ఫ్రెంచివారి మీదికి నెట్టివేయడం తేలిక. కాని జెండా మారినంతనే చట్టం మారలేదు. 1954 జూన్ 13న, ఒకప్పుడు ఫ్రెంచి పోలీసు శాఖలో ఉద్యోగించిన దడాల రఫేల్ రమణయ్య నాయకత్వాన విమోచనోద్యమకారులు యానాంను స్వాధీనం చేసుకొన్నారు. అక్టోబరులో కీళూరులో ప్రజాప్రతినిధులు 170 మంది విలీనానికి అనుకూలంగా, 8 మంది ప్రతికూలంగా ఓటు వేశారు. నవంబరు 1న పాలన భారతదేశానికి బదిలీ అయింది. న్యాయతః విలీనం మాత్రం 1962 ఆగస్టు 16న గాని పూర్తి కాలేదు. 1963లో భారత చట్టాలను ఈ ప్రాంతానికి విస్తరింపజేసినప్పుడు గాని శారదా చట్టం ఇక్కడికి రాలేదు. 1930 నుండి లెక్కిస్తే ముప్పదిమూడేండ్లు. మన పాఠశాల పుట్టినది ఆ ముప్పదిమూడేండ్ల నడుమ, ఇంకా ఫ్రెంచి జెండా ఎగురుతున్న రోజులలో. పలక చేతబట్టి ఈ గుమ్మంలో అడుగుపెట్టిన తొలి బాలికలను ఈ దృష్టితో ఒక్కసారి తలచుకోండి. వారిని బడికి పంపిన తల్లిదండ్రులకు ఆ రోజుల్లో ఏ చట్టమూ అండగా లేదు.

సరిహద్దు ఇంకా ఉన్నది. నేడు బాలయోగి వారధి మీదుగా ఎదుర్లంక నుండి నిమిషాలలో వచ్చేస్తారు. పెట్రోలు చౌక అని వచ్చేవారు కొందరు, మద్యం చౌక అని వచ్చేవారు మరికొందరు. రెండవ రకం వారి వల్ల అంగళ్ళకెంత లాభమో, ఇరువైపుల ఇండ్లకెంత నష్టమో చెప్పడానికి నేను చాలను. ఇక్కడ కూర్చున్న గృహిణులను అడగండి.

మన పిల్లల చదువు సంగతి కూడా ఇటువంటిదే. పరిపాలన పుదుచ్చేరిది, పాఠ్యపుస్తకం ఆంధ్రప్రదేశ్‌ది అన్న ఏర్పాటు చిరకాలం మనకు మేలు చేసింది. కోనసీమ పిల్లవాడు చదివిన తెలుగు పద్యమే మన పిల్లవాడూ చదివాడు. 2023-24 విద్యాసంవత్సరం నుండి పుదుచ్చేరి ప్రభుత్వం తన పాఠశాలలను సి.బి.ఎస్.ఇ. విధానంలోకి మార్చడం ఆరంభించింది. ఆ మార్పు వల్ల పోటీ పరీక్షలకు మేలు కలుగవచ్చు. నేను వ్యతిరేకిని కాను. అయితే అన్ని శాస్త్రాలనూ తెలుగులో బోధించిన ఈ పాఠశాల తెలుగును ఒక్క సబ్జెక్టుగా మాత్రమే మిగుల్చుకొంటుందా అన్నది మనం తేల్చుకోవలసిన ప్రశ్న. దానిని పుదుచ్చేరి తేల్చదు, విజయవాడా తేల్చదు.

చివరగా ఒక కోరిక. ఫ్రెంచి చదువుకొన్న పెద్దలు ఊరిలో వేళ్ళమీద లెక్కింపదగినంతమంది మిగిలారు. ఇండ్లలో ఉన్న పాత ఫ్రెంచి దస్తావేజులను వారి చేత చదివించి, పై తరగతుల పిల్లల చేత తెలుగులో వ్రాయించండి. కల్యాణపురానికి పెండ్లికూతురుగా వచ్చిన వృద్ధురాలు ఏ ఊరిలోనైనా ఇంకా జీవించి ఉంటే, మన బాలికలను పంపి ఆమె చెప్పినది చెప్పినట్లు వ్రాసుకొని రమ్మనండి. వచ్చే సంచికలో నా ప్రసంగానికి బదులు అది అచ్చు వేయండి.