విద్యాదాత ఫ్రాన్సిస్ కార్డోజో

(రజతోత్సవ సభయందు చేసిన ప్రసంగపాఠము)

 

విద్యాధనమును దొంగలు దోచుకొనలేరనియు, రాజులు హరింపలేరనియు పెద్దలు చెప్పుదురు. అయితే ఆ ధనమును ఆర్జింపనీయకుండ అడ్డుకొను శాసనములు లోకమున లేకపోలేదు. అమెరికాలోని దక్షిణ కారొలినా రాష్ట్రమున 1834లో అట్టి శాసనమొకటి పుట్టెను. బానిసకు అక్షరములు నేర్పుట నేరము. నల్లజాతివాడు, స్వతంత్రుడైనను సరే, తనవారికొరకు బడి నడుపరాదు.

ఆ శాసనము వెలువడిన కొలదికాలమునకే ఆ రాష్ట్రమందలి చార్లెస్టన్ నగరమున ఫ్రాన్సిస్ లూయీ కార్డోజో జన్మించెను. తండ్రి యూదుడు, తల్లి నల్లజాతి సంబంధము గల స్వతంత్ర స్త్రీ. బిడ్డకు తల్లి స్థితియే సంక్రమించునను ఆనాటి న్యాయమును బట్టి అతడును స్వతంత్రుడే. పన్నెండేండ్లవరకు చదివి, పిమ్మట వడ్రంగము నేర్చెను. ఉలియు బాడిసెయు పట్టి కూడబెట్టిన సొమ్ముతో 1858లో స్కాట్లండునకు ఓడనెక్కి గ్లాస్గో విశ్వవిద్యాలయమున చేరెను. అచ్చటను చేతిపనితో ఖర్చులు గడుపుకొనుచు లాటిను, గ్రీకు భాషలయందు ప్రశంసలు పొందెను. మతవిద్యను ముగించి 1864లో స్వదేశమునకు మరలి, న్యూహేవెన్ నగరమున చర్చి గురువుగా కుదురుకొనెను.

1865లో అంతర్యుద్ధము ముగిసి బానిసత్వము అంతరించెను. కార్డోజో ఆ సుఖస్థానమును విడిచి, శిథిలమై యున్న తన జన్మనగరమునకు ఉపాధ్యాయుడై తిరిగివచ్చెను. అమెరికన్ మిషనరీ అసోసియేషన్ వారి బడికి వందలకొలది బాలబాలికలు చేరిరి. ఎన్నాళ్ళు పరదేశపు ఉపాధ్యాయులపై ఆధారపడగలరు? తమలోనుండియే ఉపాధ్యాయులు తయారు కావలెనని అతడు పట్టుపట్టెను. ఆ కృషియే ఏవరీ నార్మల్ ఇన్‌స్టిట్యూట్ అను విద్యాలయముగా ఫలించెను.

1868లో రాష్ట్రమునకు నూతన రాజ్యాంగము వ్రాయుటకు సభ కూడెను. నల్లజాతి ప్రతినిధులే అధికసంఖ్యాకులైన ఆ సభలో విద్యాసంఘమునకు కార్డోజో అధ్యక్షుడు. జాతిభేదము లేక అందరకును బడులు తెరచినచో తెల్లవారు బడులనే విడిచిపోవుదురని కొందరు భయపడిరి. అతని సమాధానము గ్రామములెరిగిన వారికి సులభముగా బోధపడును. ఎవరిని ఎవరి ప్రక్కను కూర్చుండుమని చట్టము బలవంతపెట్టదు; పట్టణములలో వేరుబడులు ఉండిన ఉండవచ్చును. కాని జనము పలుచగానున్న పల్లెలో ఒక్క బడికి మించి నిలువనిచో, దాని గుమ్మమునుండి ఏ బిడ్డను రంగు కారణముగ త్రిప్పిపంపరాదు. ప్రభుత్వధనముతో నడచు బడులన్నియు అందరకును తెరచియుండవలెనను విధి రాజ్యాంగమునకెక్కెను.

ఆ యేడే అతడు రాష్ట్ర కార్యదర్శిగా ఎన్నికయ్యెను. అమెరికాలో రాష్ట్రమంతటి ఓటర్లచే ఎన్నుకోబడిన నల్లజాతివారిలో అతడే ప్రథముడు. భూమి లేనివారికి వాయిదాలపై పొలములమ్ముటకు ఏర్పడిన భూసంఘము అక్రమములకు ఇల్లై యుండగా, దానిని చక్కబరచు భారము అతనిపై పడెను. 1872లో కోశాధికారి యయ్యెను. అవినీతికి తలయొగ్గనందున స్వపక్షమువారే కొందరు అతనిని తొలగింపజూచిరి. ఆ యత్నము విఫలమయ్యెను. 1873లో రాష్ట్ర విశ్వవిద్యాలయము నల్లవారికిని తెరువబడగా, ఒకప్రక్క కోశాగారమును చూచుకొనుచునే కార్డోజో అందు న్యాయశాస్త్రము చదివి 1876లో పట్టము పొందెను.

మరుసటి సంవత్సరమే కాలము తలక్రిందులయ్యెను. సమాఖ్యసేనలు వైదొలగెను, పూర్వపు దొరల పక్షము గద్దెనెక్కెను. విశ్వవిద్యాలయము మూతపడి, 1880లో తెల్లవారికి మాత్రమే తిరిగి తెరువబడెను. కార్డోజోపై ప్రభుత్వమును మోసగించు కుట్ర మోపి శిక్షించిరి. ఆ తీర్పు రాజకీయకక్ష ఫలితమని పలువురు చరిత్రకారుల అభిప్రాయము. కొన్ని నెలలు చెరలోనుండి, 1879లో క్షమాభిక్ష పొందెను.

పదవియు పరువును పోయిన మనుష్యునకు మిగిలినదేమి? విద్య మిగిలెను. వాషింగ్టన్ నగరమున నల్లజాతి విద్యార్థుల ఉన్నత పాఠశాలకు 1884 నుండి 1896 వరకు ప్రధానోపాధ్యాయుడై పనిచేసెను. 1903లో మరణించెను. ప్రఖ్యాత గాయకుడు పాల్ రోబ్సన్ భార్య ఎస్లాండా ఇతని మనుమరాలే.

అతడు వ్రాయించిన విధిని 1895 నాటి రాజ్యాంగము త్రోసిపుచ్చి, బడులను రంగునుబట్టి విడదీసెను. ఆ విశ్వవిద్యాలయపు గుమ్మమును నల్లజాతి విద్యార్థులు మరల దాటుటకు 1963 వరకు వేచియుండవలసివచ్చెను. కాని ఏవరీ విద్యాలయము మాత్రము ఆ చీకటికాలమంతయు ఉపాధ్యాయులను తయారుచేయుచునే యుండి, 1954 వరకు నడచెను. ఆ భవనము నేడు నల్లజాతి చరిత్రకు సంబంధించిన పత్రములను, గ్రంథములను భద్రపరచు పరిశోధనాలయము.

ఇరువదియైదేండ్లు నిండిన ఈ గ్రంథాలయమునకు కార్డోజో జీవితము ఒక హెచ్చరికయు, ఒక ధైర్యమును. గుమ్మము తెరచియున్నదని తృప్తిపడిన చాలదు. చందాదారుల పట్టికలో ఎవరి పేర్లున్నవో చూచుటతోపాటు, ఊరిలో ఎవరి పేర్లు అందు ఇంకను ఎక్కలేదో ఏటేట లెక్కచూచుకొనవలెను. ఆ లెక్క సరిపడిననాడే ఈ ఉత్సవము సార్థకము.

స్వస్తి.